సర్కారు సొమ్ము పరుల ఖాతాలోకి మళ్లితే: పాఠకుల ప్రశ్నలకు సమాధానాలు

ప్రశ్న: మాది పలమనేరు దగ్గర ఒక పల్లె. మా అమ్మకు డెబ్బై ఏళ్లు దాటాయి. "కేవైసీ చేసుకోకపోతే పీఎం కిసాన్ జాబితాలోంచి పేరు తీసేస్తారు" అని ఎవరో ఫోను చేస్తే నమ్మి, ఆధార్ నంబరూ ఓటీపీ చెప్పేసింది. ఆ తర్వాతి విడత రెండు వేల రూపాయలు ఆమె పాసుబుక్కులో పడలేదు. సచివాలయంలో అడిగితే డబ్బు జమ అయినట్టే కనిపిస్తోందన్నారు. మేమిప్పుడు ఏం చేయాలి?
— ఒక పాఠకురాలు, చిత్తూరు జిల్లా

జవాబు: మీ అమ్మగారి ఖాతాలోంచి ఎవరో డబ్బు తీశారని మీరు అనుకుంటూ ఉండవచ్చు. మీరు రాసినదాన్ని బట్టి చూస్తే, ఆ డబ్బు అసలు ఆమె ఖాతాకే రాలేదనిపిస్తోంది. పీఎం కిసాన్ సొమ్ము ఆధార్ నంబరు ఆధారంగా జమ అవుతుంది. ఏ ఆధార్‌కు ఏ బ్యాంకు అన్న పట్టిక, బ్యాంకుల మధ్య చెల్లింపులు నడిపే నేషనల్ పేమెంట్స్ కార్పొరేషన్ దగ్గర ఉంటుంది. ఒక మనిషికి నాలుగు బ్యాంకుల్లో ఖాతాలున్నా ఆ పట్టికలో చోటు ఒక్కదానికే, అదీ చివరగా అనుసంధానమైన దానికే. ఆధార్ ఓటీపీతో ఇంటి నుంచే ఖాతా తెరిచే వీలు ఉంది కాబట్టి, మోసగాడు మీ అమ్మగారి పేరుతో కొత్త ఖాతా తెరిచి దానికి ఆధార్ జోడిస్తే, పాత ఖాతాను ముట్టుకోకుండానే విడత సొమ్ము అటు మళ్లిపోతుంది. 2017లో ఒక టెలికాం సంస్థకు చెందిన పేమెంట్స్ బ్యాంకు, సిమ్ పరిశీలన కోసం ఆధార్ ఇచ్చినవారి పేర్లతో వారికి తెలియకుండానే ఖాతాలు తెరవడంతో, లక్షలాది మంది గ్యాస్ సబ్సిడీ సరిగ్గా ఇలాగే వాటిలోకి పోయింది.

అందుచేత మొదట మైఆధార్ పోర్టల్‌లో 'బ్యాంక్ సీడింగ్ స్టేటస్', అంటే ఆధార్‌కు ఏ బ్యాంకు జోడించి ఉందో చూడండి. అక్కడ తెలియని బ్యాంకు పేరు కనబడితే ఆ తెరను ముద్రించుకుని, వెంటనే సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి ఫోను చేసి ఫిర్యాదు నమోదు చేయించి, ఆ ఫిర్యాదు నంబరును రాసిపెట్టుకోండి. మీ పోలీసు స్టేషన్లోనూ రాతపూర్వకంగా ఇవ్వండి. ఇతరుల గుర్తింపును మోసపూరితంగా వాడుకోవడం ఐటీ చట్టం 66సీ సెక్షన్ కింద మూడేళ్ల దాకా జైలు శిక్ష పడే నేరం. తర్వాత మీ అమ్మగారిని పాత బ్యాంకు శాఖకు తీసుకెళ్లి, ఆధార్ అనుసంధానానికి సమ్మతి పత్రం మళ్లీ ఇప్పించండి. ఆ కొత్త ఖాతాను స్తంభింపజేయమని రెండో బ్యాంకుకు కూడా లేఖ రాసి, అందినట్టు రసీదు తీసుకోండి. 2017 నాటి రిజర్వు బ్యాంకు నిబంధనల ప్రకారం ఖాతాదారు స్వయంగా ఓటీపీ చెప్పిన సందర్భంలో ఫిర్యాదుకు ముందు జరిగిన నష్టం ఆయనదే, ఫిర్యాదు తర్వాత జరిగేది బ్యాంకుది. ఒక్క రోజు ఆలస్యమైనా మీకే నష్టమని నేను ఇంతగా చెప్పడానికి కారణం ఇదే. బ్యాంకు ముప్పై రోజుల్లో జవాబివ్వకపోతే బ్యాంకులపై ఫిర్యాదులు విచారించే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌ను ఆశ్రయించవచ్చు.

మరో సంగతి కూడా చూడండి. ఆధార్‌కు జోడించిన ఫోను నంబరు మీ అమ్మగారిదేనా? ఫోను లేని వృద్ధుల కార్డులకు నెట్ సెంటరు వాళ్లదో, దూరపు బంధువుదో నంబరు పెట్టించి మరిచిపోవడం మన పల్లెల్లో జరుగుతూనే ఉంటుంది. అలాంటప్పుడు ప్రతి ఓటీపీ వాళ్ల చేతికే వెళ్తుంది. ఆధార్ కేంద్రానికి ఆమెనే తీసుకెళ్లి, ఆ నంబరును ఇంట్లో మనిషి నంబరుకు మార్పించండి.

ప్రశ్న: మా నాన్నగారి భూమి దస్తావేజులపై వేలిముద్రలు ఉన్నాయి. వాటితో కూడా డబ్బు తీయగలరా?
— ఒక పాఠకుడు, శ్రీకాళహస్తి

జవాబు: తీసిన కేసులు తెలుగు రాష్ట్రాల్లో నమోదయ్యాయి. దస్తావేజు నకలులోని ముద్రను సిలికాన్‌పై అచ్చు పోసి, ఆధార్ ఆధారిత చెల్లింపు యంత్రంపై పెట్టారు. ఆ యంత్రానికి ఓటీపీ అక్కర్లేదు. ఆధార్ నంబరు, బ్యాంకు పేరు, వేలిముద్ర చాలు. 2023 నుంచి ఆధార్ సంస్థ అచ్చుముద్రలను పసిగట్టే పరిశీలన తెచ్చినా, ఎంఆధార్ యాప్‌లో బయోమెట్రిక్‌ను, అంటే వేలిముద్రల వంటి గుర్తులను, లాక్ చేసుకోవడమే నా దృష్టిలో మేలు. అయితే లాక్ ఉన్నంతకాలం రేషను దుకాణంలోనూ, ఒకటో తేదీన పింఛను ఇవ్వడానికి ఇంటికొచ్చే సచివాలయం సిబ్బంది దగ్గరా ముద్ర పడదు. అందువల్ల ఆ కాసేపు లాక్ తీసే పనిని యాప్ వాడటం తెలిసినవారెవరైనా ఇంట్లో బాధ్యతగా తీసుకోవాలి. ఇకపై నకళ్లు ఇవ్వాల్సి వస్తే, చివరి నాలుగు అంకెలే కనిపించే మాస్క్‌డ్ ఆధార్ ఇవ్వండి.