నాయన వేలిముద్ర వేశాడు, పెంట వదలాల్సిందేనా?

ప్రశ్న: మాది నల్లమల లోతట్టు చెంచుపెంట (చెంచుల గూడెం). అమ్మ పోయాక నాయన, నేను ఇద్దరమే. తేనె, జిగురు అమ్ముకుంటూ రెండెకరాల చేను చేసుకుంటున్నాం. నాకు 22 ఏళ్లు, పెళ్లి కాలేదు. చేను పట్టా దరఖాస్తు ఇంకా తేలలేదు. ఇది పులుల అడవి, డబ్బులిస్తాం ఖాళీ చేయండి అంటూ నాయనతో ఏదో కాగితం మీద వేలిముద్ర వేయించుకున్నారు. చదివి వినిపించలేదు. చాలా టెన్షన్‌గా ఉంది. - నాగర్‌కర్నూల్ జిల్లా పాఠకుడు

జవాబు: తమ్ముడూ, ఆ వేలిముద్ర ఒక్కదానితో మిమ్మల్ని పంపించలేరు. 2006 అటవీ హక్కుల చట్టం సెక్షన్ 4(5) ప్రకారం, హక్కుల పరిశీలన పూర్తయ్యే దాకా అడవిలో ఉంటున్న గిరిజనులను ఖాళీ చేయించకూడదు. మీ దరఖాస్తు పెండింగ్‌లోనే ఉంది కదా. పులుల అభయారణ్యానికి వర్తించే 1972 వన్యప్రాణి చట్టం కూడా, తరలించే ముందు హక్కులు తేల్చాలని, గ్రామసభతో పాటు మీ సమ్మతీ ఉండాలని చెబుతోంది. సమ్మతి అంటే విషయం తెలిసి ఇచ్చేది. చదివి వినిపించని కాగితం మీది ముద్ర సమ్మతి ఎలా అవుతుంది? పైగా మీరు మేజర్, మీ తరఫున నాయన ఒప్పుకోవడం కుదరదు.

ఈ వారమే ఒక పని చేయండి. 'నాకు చదివి వినిపించలేదు, నాకు సమ్మతి లేదు' అని నాయన పేరుతో కలెక్టర్‌కు, అటవీ అధికారికి లెటర్ ఇచ్చి, అందినట్టు రసీదు తీసుకోండి. నాయన వేలిముద్ర వేసిన కాగితం కాపీ కోసం సమాచార హక్కు దరఖాస్తు వేయండి. 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి.

పట్టా విషయంలో, అటవీ హక్కుల చట్టం ప్రకారం 2005 డిసెంబర్ 13 నాటికే చేను మీ సాగులో ఉండాలి. కాగితాలు లేవని భయపడొద్దు, పెంట పెద్దల వాంగ్మూలం రాయించి ఇస్తే అదీ సాక్ష్యమే. దరఖాస్తు తిరస్కరిస్తే కారణం రాతపూర్వకంగా అడగండి, అప్పీలుకు 60 రోజుల గడువుంది. పట్టా వస్తే నాయన తర్వాత మీకే వస్తుంది, అమ్మడానికి మాత్రం వీల్లేదు. తేనె, జిగురు సేకరించి అమ్ముకునే హక్కు కూడా ఇదే చట్టం ఇచ్చింది.

డబ్బు మాట కావాలనే చివర చెబుతున్నాను. ఇద్దరూ మనస్ఫూర్తిగా వెళ్లాలనుకుంటే, 18 ఏళ్లు దాటిన కొడుకును పెళ్లి కాకపోయినా వేరే కుటుంబంగా లెక్కించాలి. కుటుంబానికి 15 లక్షల ప్యాకేజీ మీకూ, నాయనకూ విడివిడిగా రావాలి. కానీ నా మాట వింటే, పట్టా తేలకముందు ఏ కాగితం మీదా సంతకం పెట్టకండి.

లాయర్ ఫీజు గురించి ఆలోచించొద్దు. ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్‌ను ఇస్తుంది. వెళ్లేటప్పుడు ఆ రసీదు, పట్టా దరఖాస్తు కాపీ పట్టుకెళ్లండి, నాయననూ వెంట తీసుకెళ్లండి.