కోడళ్లను తిట్టకండి, ఇంటి కాగితాలు తీసి చూడండి

"తాతల కాలంలో ఒకే ఇంట్లో అందరూ కలిసి ఉండేవాళ్లు. ఇప్పుడు హైదరాబాద్‌లోనే ఉన్న అన్నదమ్ములు కూడా పండక్కి కలవడం లేదు. ఉమ్మడి కుటుంబాలు ఎందుకు చెదిరిపోయాయి, తప్పెవరిది?" అని అడిగారు. ఇక్కడ జవాబులు రాసినవాళ్లలో సగం మంది కోడళ్లను తిట్టారు, మిగతా సగం సెల్‌ఫోన్లను తిట్టారు. రెండూ తప్పే. సెల్‌ఫోన్ రాకముందే మా ఇంట్లో పొయ్యిలు రెండయ్యాయి, అందులో మా అమ్మ ప్రమేయం గానీ చిన్నమ్మ ప్రమేయం గానీ ఏమీ లేదు.

మాది రామ్‌నగర్. చేపల మార్కెట్‌కి నాలుగు సందుల అవతల. తాతయ్య ఆజామాబాద్ పారిశ్రామిక వాడలో పనిచేసేవాడు. నిజాం కాలంలో వెలసిన వాడ అది. ఇంటి నుంచి నడిచి వెళ్లేంత దూరం. సైరన్ మోగితే నాయనమ్మ అన్నం వార్చేది, ఆయన చెప్పులు విడిచేసరికి కంచం సిద్ధంగా ఉండేది. సాయంత్రం అయిదున్నరకల్లా ఇంట్లో మగవాళ్లందరూ అరుగు మీదే. అప్పట్లో కుటుంబం కలిసి ఉందంటే మనుషులు మంచివాళ్లని కాదు, అందరి జీతం నడక దూరంలో ఉండేది గనక.

తర్వాత 1960ల్లో కేంద్రం హైదరాబాద్ చుట్టూ ఫ్యాక్టరీలు పెట్టింది. బాలానగర్ వైపు ఐడీపీఎల్, హెచ్ఎంటీ, రామచంద్రాపురంలో బీహెచ్ఈఎల్, కుషాయిగూడ వైపు ఈసీఐఎల్. మా నాన్న అలాంటి ఒక ప్రభుత్వ రంగ సంస్థలో చేరాడు. చీకటితో కంపెనీ బస్సెక్కి వెళ్లి చీకటి పడ్డాక వచ్చేవాడు. అయినా ఇల్లు ఒక్కటే, పొయ్యి ఒక్కటే. ఉద్యోగం పక్కా, పీఎఫ్ పక్కా, ఆస్పత్రి ఖర్చు కంపెనీది. చిన్నాన్నకు సరైన ఉద్యోగం లేకపోయినా నాన్న జీతం మీద ఇల్లంతా గడిచేది, ఎవరూ లెక్క అడిగేవాళ్లు కాదు.

1991 తర్వాత ఆ భరోసా పోయింది. నాన్న కంపెనీలో జీతాలు నెలల తరబడి ఆగడం మొదలైంది, ఆ తర్వాత వీఆర్ఎస్ (స్వచ్ఛంద పదవీ విరమణ) అన్నారు. అదే సమయంలో చిన్నాన్నకు ఒక ప్రైవేటు ఫైనాన్స్ కంపెనీలో నాలుగు డబ్బులు రావడం మొదలైంది. వేరు పొయ్యి అప్పుడు వచ్చింది. అమ్మ చీరలకు ఫాల్స్ కుట్టి, పికో చేసి మా ఫీజులు కట్టింది. వీధిలో అందరూ ఏమన్నారో తెలుసా? "తోడికోడళ్లకు పడలేదట" అన్నారు. ఆగిపోయిన జీతం గురించి ఒక్కరూ మాట్లాడలేదు. ఈ మాట ఇప్పటికీ నాకు మంట. ఒక ఇల్లు విడిపోయిన ప్రతిసారీ మన దగ్గర కారణం వంటింట్లో వెతుకుతారు, జీతం కాగితంలో వెతకరు.

ఇక 1998లో మాదాపూర్‌లో సైబర్ టవర్స్ తెరిచారు. ఊరి బరువంతా పడమటికి ఒరిగింది. మా అన్నయ్య ఉద్యోగం గచ్చిబౌలిలో, షిఫ్టు రాత్రిపూట, క్యాబ్ ఇంటి ముందుకు వచ్చేది. నాన్న నిద్ర లేచే వేళకు వాడు పడుకునేవాడు. ఒకే కప్పు కింద ఉన్నా వారంలో ఒక్కసారి కూడా కలిసి భోంచేయని ఇల్లు ఉమ్మడి ఎలా అవుతుంది? పెళ్లయ్యాక వాడు నల్లగండ్లకు మారాడు. మా వదిన కూడా ఆ పక్కనే ఉద్యోగం చేస్తుంది. ఇద్దరూ రోజూ రామ్‌నగర్ నుంచి రాకపోకలు సాగించాలంటే వాళ్లకు పిల్లలతో గడిపే సాయంత్రమే మిగలదు. దీనికీ నిందపడింది వదినే.

ఇదంతా ఒక ఎత్తు, భూమి ధర ఒక ఎత్తు. తాతయ్య చవకలో కొన్న నాలుగు వందల గజాల ఇల్లు ఒక తరం తిరిగేసరికి మా అందరి జీవితకాల జీతాల కన్నా ఖరీదైంది. బిల్డర్లు రావడం మొదలైంది. "డెవలప్‌మెంట్‌కి ఇవ్వండి సార్, ఫిఫ్టీ ఫిఫ్టీ, పైన గుడ్‌విల్" అని. అంటే స్థలం మనది, కట్టేది వాళ్లు, ఫ్లాట్లు చెరిసగం, మనకు పైన కొంత నగదు. హైదరాబాద్ మధ్యతరగతిలో ఈ మాట వినని ఇల్లు ఉండదు. కుటుంబాల సంగతి తేలేది అక్కడే. అందుకే మా ఇంట్లో ఆ రోజు జరిగింది వివరంగా రాస్తాను.

తాతయ్య వీలునామా రాయకుండా పోయాడు. ఇల్లు ఆయన స్వార్జితం. 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం అలాంటి ఆస్తిలో భార్య, కొడుకులు, కూతుళ్లు అందరూ సమాన వాటాదారులు. మా ఇంట్లో అయిదు వాటాలు: నాయనమ్మ, నాన్న, చిన్నాన్న, పెద్దత్త, చిన్నత్త. పెళ్లయిన కూతురికి పుట్టింట్లో ఏమీ లేదని ఇప్పటికీ నమ్మేవాళ్లున్నారు, కానీ 1956 నుంచే ఉంది. కాకపోతే అదే చట్టంలో 23వ సెక్షన్ అని ఒక మెలిక ఉండేది. కుటుంబం కాపురముంటున్న ఇంటిని పంచమని అడిగే హక్కు కూతురికి లేదు, మగవాళ్లు పంచుకోవాలనుకునేదాకా ఆగాల్సిందే. 2005 సవరణలో దాన్ని తీసేశారు. తరతరాల ఉమ్మడి ఆస్తి సంగతి వేరు. అందులో కూతుళ్లకు పుట్టుకతో హక్కు ఇస్తూ అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 1985 సెప్టెంబర్ 5 నుంచి అమలయ్యేలా ముందే చట్టం చేసింది. అప్పటికే పెళ్లయినవాళ్లను మాత్రం వదిలేసింది. 2005లో కేంద్ర సవరణ ఆ తేడా కూడా లేకుండా చేసింది.

ఇంత చట్టం ఉన్నా మా అత్తలను ఎవరూ పలకరించలేదు. బిల్డర్ లాయర్ అడిగాకే గుర్తొచ్చారు. ఫ్లాట్లు కొనేవాళ్లకు బ్యాంకు లోన్ రావాలంటే ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్‌లో ఉన్న ప్రతి వారసుడి సంతకం కావాలి. అంటే ఆడబిడ్డకు వాటా ఉందన్న సంగతి మా ఇంటికి చెప్పింది న్యాయం కాదు, హౌసింగ్ లోన్.

ఒక ఆదివారం మధ్యాహ్నం ఇద్దరత్తలనూ పిలిపించారు. ముందు గదిలో ప్లాస్టిక్ కుర్చీలు వేశారు. బిల్డర్ మనిషి స్టాంపు పేపర్లు, ఇంకు ప్యాడు తెచ్చి టీపాయ్ మీద పెట్టాడు. నాయనమ్మ మంచం మీద కూర్చుంది. అమ్మ రెండు స్టీలు పళ్లేల్లో చీర, జాకెట్ ముక్క, పసుపు, కుంకుమ, తమలపాకులు సర్ది పెట్టింది. సంతకం అయ్యాక ఒడిబియ్యం పోసి పంపాలని అనుకున్నారు. పెద్దత్త వచ్చీరాగానే, "ఏడ పెట్టాలె?" అని అడిగి పెట్టేసింది. కాగితం వైపు చూడనైనా లేదు.

చిన్నత్త ప్రైవేటు స్కూల్లో తెలుగు టీచరు. మామయ్య చిన్న వయసులోనే పోయాడు, అద్దె ఇంట్లో కూతుర్ని పెంచుతోంది. ఆమె కళ్లజోడు పెట్టుకుని మొదటి పేజీ నుంచి చదవడం మొదలుపెట్టింది. హక్కు విడుదల దస్తావేజు, అంటే తన వాటా వదులుకుంటున్నానని రాసిచ్చే కాగితం. చదువుతుంటే చిన్నాన్న కాలు ఊపుతూనే ఉన్నాడు. "ఏం చదువుతవు, అన్నీ మేం చూసినం గదా" అన్నాడు. ఆమె చివరి పేజీ దాకా చదివి, కాగితాలు ఒళ్లో పెట్టుకుని మా నాన్నను అడిగింది:

"సంతకం పెట్టుమంటే పెడత అన్నా. గని ఒక్కటి చెప్పు. బతుకమ్మకు నేను ఏ ఇంటికి రావాలె?"

"మా ఇల్లు లేదా?" అన్నాడు నాన్న.

"నీ ఇల్లు వదినది, పిల్లలది. వస్తే సుట్టం లెక్క వస్త. ఇది మా నాయిన ఇల్లు."

చిన్నాన్నకు కోపం వచ్చింది. "నీ పెండ్లికి కట్నం ఇయ్యలేదా? బంగారం పెట్టలేదా? అదే నీ వాటా" అన్నాడు. చిన్నత్త గొంతు పెంచలేదు. "ఆ కట్నం నా చేతికి ఇచ్చిండ్రా చిన్నన్నా? మా అత్తగారింటికి ఇచ్చిండ్రు. దాంతోని వాళ్లు వాళ్ల బిడ్డ పెండ్లి చేసిండ్రు. నేను ఇయ్యాల్టికీ కిరాయి ఇంట్లనే ఉన్న" అంది.

ఆ ఒక్క మాటలో రెండు తరాల ఆర్థిక శాస్త్రం ఉంది. ఆడపిల్ల పేరు చెప్పి బయటికి వెళ్లిన డబ్బు ఆడపిల్ల చేతిలో ఎన్నడూ ఆగలేదు. ఒక ఇంటి నుంచి ఇంకో ఇంటికి, అక్కడి నుంచి మరో ఇంటికి పోతూనే ఉంది. కట్నం ఇవ్వడం, తీసుకోవడం 1961 నుంచే నేరం. ఆ నేరాన్నే వాటా అని పేరు మార్చి వాదిస్తారు మగవాళ్లు.

గదిలో ఎవరూ మాట్లాడలేదు. అప్పుడు నాయనమ్మ మంచం మీది నుంచి, "నాకు కూడ ఒక వాటా ఉన్నదంటివి గదా" అని బిల్డర్ మనిషిని అడిగింది. ఉందన్నాడు. "అది గూడ నా చిన్నబిడ్డకు రాయుండ్రి" అంది. అంతే. చదువు రాని ఆమె, అప్పటిదాకా ఇంట్లో ఏ నిర్ణయంలోనూ నోరు తెరవని ఆమె.

ఆ రోజు మిగతా సంతకాలు కాలేదు. చిన్నాన్న చాన్నాళ్లు ఎవరితోనూ మాట్లాడలేదు. చివరికి అగ్రిమెంట్ తిరగరాశారు. మా వాటాకు నాలుగు ఫ్లాట్లు వచ్చాయి: నాన్నకొకటి, చిన్నాన్నకొకటి, చిన్నత్తకొకటి. నాలుగోది అమ్మి డబ్బు పంచుకున్నారు. పెద్దత్తకూ అందులో వాటా ఇచ్చారు. ఆమె వద్దంటే నాన్నే బలవంతాన బ్యాంకులో వేశాడు. నాయనమ్మ చివరి రోజులు గడిపింది చిన్నత్త ఫ్లాట్‌లోనే. ఇప్పుడు సద్దుల బతుకమ్మకు మా అందరినీ పిలిచేది చిన్నత్తే. కింద స్టిల్ట్ పార్కింగ్‌లోని కార్లు బయట పెట్టించి, తంగేడు, గునుగు తెప్పించి పేరుస్తారు. చిన్నాన్న కూడా వస్తాడు. వాటా ఇస్తే బంధం తెగుతుందని భయపెట్టేవాళ్లకు చెప్తున్నాను, మా ఇంట్లో కలిపి ఉంచింది ఆ వాటానే.

పాత రోజులు ఎంత బాగుండేవో అని రాసేవాళ్లలో ఎక్కువమంది మగవాళ్లు. ఇరవై మంది కలిసి తిన్న పంక్తి వాళ్లకు గుర్తుంటుంది. ఆ ఇరవై మందికీ వండి, చివర్న గిన్నె గోకి తిన్నదెవరో గుర్తుండదు. మా అమ్మను అడిగితే ఆ ఇంట్లో తనకు మిగిలిన జ్ఞాపకం రోలు, పొత్రం. బంధువులు కలవడం లేదని బాధపడేవాళ్లు పెళ్లిళ్లు చేసే తీరు కూడా నాకు నచ్చదు. ఫంక్షన్ హాలు రాత్రి పదకొండుకల్లా ఖాళీ చేయాలి, బఫే దగ్గర వరుసలో నిలబడి తిని, ఫొటో దిగి వెళ్లిపోవాలి. ఇంటి ముందు పందిరి వేసిన పెళ్లిలో వారం రోజులు పనులు పంచుకుంటే అన్నదమ్ముల మధ్య చిన్న చిన్న అలకలు వాటంతట అవే తీరేవి.

ఇంకో సంగతి, ఉమ్మడి కుటుంబం పోయిందని కూడా నేను అనుకోను. దిశ మారింది. చట్టం ప్రకారం ప్రసూతి సెలవు 26 వారాలు. ఆ తర్వాత? యాభై మంది ఉద్యోగులున్న చోట శిశు సంరక్షణ కేంద్రం ఉండాలని అదే చట్టం చెప్తోంది. అది ఎన్ని ఆఫీసుల్లో కనిపిస్తోందో మీరే చూడండి. కాబట్టి అమ్మమ్మకు ఫోను వెళ్తుంది. కొండాపూర్, కోకాపేట టవర్లలో పొద్దున పిల్లల్ని స్కూలు బస్సెక్కించేవాళ్లను చూడండి, సగం మంది అమ్మాయి తరఫు పెద్దవాళ్లే. అమెరికాలో పురుడైతే మొదటి ఆరు నెలలు అమ్మాయి తల్లిదండ్రులు, తర్వాతి ఆరు నెలలు అబ్బాయి తల్లిదండ్రులు వెళ్తారు. విజిటర్ వీసా మీద మామూలుగా ఉండనిచ్చేది ఆరు నెలలే గనక, వియ్యంకులు వంతులు వేసుకుంటారు. ఇది ఉమ్మడి కుటుంబం కాకపోతే ఏమిటి? ఇంత చాకిరీ కూతురి తల్లి చేస్తున్నప్పుడు, ఆస్తి దగ్గరికి వచ్చేసరికి మాత్రం "కొడుకులున్నారు కదా" అనడం అన్యాయం.

మీ ప్రశ్నకు సూటి జవాబు కావాలంటే ఇదీ: ఎవరి జీతం ఎక్కడి నుంచి వస్తోందో, ఇల్లు ఎవరి పేరున ఉందో చూడండి. బంధాలు ఎందుకు అలా ఉన్నాయో తొంభై పాళ్లు అక్కడే తెలుస్తుంది. మీ ఇంట్లో కూడా బిల్డర్ మాటలు నడుస్తుంటే, అక్కచెల్లెళ్ల ముందు కాగితం పెట్టి చీర చేతిలో పెట్టే పని దయచేసి చేయకండి. ముందు వాటా లెక్క చెప్పండి, చదువుకోవడానికి కాగితం ఇంటికి పంపండి, వాళ్లు తమంతట తాము వదులుకుంటే అది వాళ్ల ఇష్టం. రిజిస్టరైన హక్కు విడుదల దస్తావేజును వెనక్కి తీసుకోవడం తేలిక కాదు. పెద్దవాళ్లు బతికుండగానే వీలునామా రాయించండి. దానికి స్టాంపు పేపర్ అక్కర్లేదు, రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు, ఇద్దరు సాక్షులుంటే చాలు. మా నాన్న తన ఫ్లాట్‌ను అన్నయ్యకూ నాకూ సమానంగా రాశాడు. పక్క ఫ్లాట్ ఆయన, నాన్నతో పాటు డ్యూటీ చేసిన ఆయన స్నేహితుడు సాక్షి సంతకాలు చేశారు. తర్వాత గొడవలు రాకూడదని రిజిస్టర్ కూడా చేయించాం. ఆ రోజు నాన్నను కారులో సబ్ రిజిస్ట్రార్ ఆఫీసుకు తీసుకెళ్లింది అన్నయ్య, వదిన.