యూనిఫాం విప్పాకే జెండా పట్టాలి

ప్రశ్న: మా అబ్బాయి ఆదోనిలో ఇంటర్ ఫస్టియర్ ఎంపీసీ చదువుతున్నాడు. ఆర్మీలో ఆఫీసర్‌గా కొన్నేళ్లు చేసి, తర్వాత కర్నూలు ఎంపీగా పోటీ చేస్తానంటున్నాడు. మా ఇంట్లో ఆర్మీవాళ్లు లేరు, రాజకీయాల్లో ఉన్నవాళ్లూ లేరు. ఇది కుదిరే పనేనా? ఇప్పటి నుంచి ఏం చేయించాలి? – ఓ తండ్రి, ఆదోని

జవాబు: కుదిరే పనే. కాకపోతే ఇవి రెండు వేర్వేరు దారులు. మొదటిదానికి నోటిఫికేషన్, సిలబస్, వయోపరిమితి, జీతం అన్నీ ఉన్నాయి. రెండోదానికి ఇవేవీ లేవు. అందుకని ముందు మీ అబ్బాయిని ఒక్క మాట అడగండి: ఎప్పటికీ ఎంపీ కాకపోయినా ఆర్మీలో ఉండటం ఇష్టమేనా? ఇష్టమే అంటే మిగతాది చదవండి. ఎన్నికలకు మెట్టుగా మాత్రమే ఆర్మీని చూసే కుర్రాడికి ఇరవై ఏళ్ల సర్వీసు బరువైపోతుంది.

సెకండియర్‌లో ఉండగానే ఎన్‌డీఏ (నేషనల్ డిఫెన్స్ అకాడమీ) ప్రవేశ పరీక్ష రాయొచ్చు. యూపీఎస్సీ ఏడాదికి రెండుసార్లు పెడుతుంది. వయసు పదహారున్నర నుంచి పంతొమ్మిదిన్నర మధ్య ఉండాలి, పెళ్లి అయి ఉండకూడదు. గణితం 300 మార్కులు, జనరల్ ఎబిలిటీ 600 మార్కులు, ఒక్కో పేపర్‌కు రెండున్నర గంటలు. ఎంపీసీ పిల్లలకు లెక్కల సిలబస్ పెద్దగా కొత్త కాదు. వాళ్లు దెబ్బతినేది రెండు చోట్ల. ఒకటి, జనరల్ ఎబిలిటీలో ఇంగ్లిష్‌కే 200 మార్కులు ఉంటాయి. రెండు, తప్పు జవాబుకు ఆ ప్రశ్న మార్కుల్లో మూడో వంతు కోస్తారు. ఈఏపీసెట్‌లో కోత లేదు కాబట్టి తెలియని ప్రశ్నకూ ఏదో ఒకటి దిద్దేసే అలవాటు మన పిల్లలకు పడిపోయింది. ఎన్‌డీఏలో ఆ అలవాటే కొంప ముంచుతుంది.

రాత పరీక్ష దాటితే ఎస్‌ఎస్‌బీ (సర్వీసెస్ సెలక్షన్ బోర్డు) ఇంటర్వ్యూ: ఐదు రోజులు, 900 మార్కులు. చాలామంది మొదటి రోజు స్క్రీనింగ్‌లోనే వెనక్కి వస్తారు. మసకగా ఉన్న బొమ్మను 30 సెకన్లు చూపించి కథ రాయమంటారు, తర్వాత గుంపులో చర్చించమంటారు. పది పదిహేను మంది ఒకేసారి మాట్లాడుతుంటే, ఇంగ్లిష్ తప్పులు పోతాయేమోనన్న బెరుకుతో మనవాళ్లు నోరు విప్పరు. చూసేది వ్యాకరణం కాదు. చెప్పాల్సింది తెగువగా, సూటిగా చెప్పాడా లేదా అన్నది. నిలబడ్డవాళ్లకు మానసిక పరీక్షలు ఉంటాయి. 60 పదాలు వరుసగా చూపిస్తారు, ఒక్కోదానికి 15 సెకన్లలో వాక్యం రాయాలి. కోచింగ్ సెంటర్ వాక్యాలు బట్టీపట్టినవాడు ఇక్కడే దొరికిపోతాడు. ఎందుకంటే సైకాలజిస్టు, మైదానంలో గ్రూప్ పనులు చేయించే అధికారి, ఇంటర్వ్యూ చేసే అధికారి ముగ్గురూ విడివిడిగా అంచనా వేస్తారు. కాగితం మీద ఒక మనిషి, మైదానంలో ఇంకో మనిషి కనిపిస్తే అక్కడితో సరి.

వైద్య పరీక్ష గురించి ఇంట్లోవాళ్లు చివరిదాకా ఆలోచించరు. రంగుల గుర్తింపు, చదును పాదాలు, నిలబడితే రాసుకునే మోకాళ్లు, చెవులు, చూపు – వీటిని ఇప్పుడే కర్నూలు సర్వజన ఆసుపత్రిలో ఒకసారి చూపించండి. రెండేళ్లు చదివించాక తెలియడం కన్నా ఇప్పుడే తెలియడం నయం. ఒంటిమీద పచ్చబొట్టు వేయించుకోకుండా చూడండి.

ఎన్‌డీఏ రాకపోతే దిగులు పడొద్దు. డిగ్రీలో మొదటి ఏడాదే ఎన్‌సీసీలో చేర్పించండి. 'సి' సర్టిఫికెట్‌లో కనీసం 'బి' గ్రేడ్, డిగ్రీలో 50 శాతం ఉంటే రాత పరీక్ష లేకుండా నేరుగా ఎస్‌ఎస్‌బీకి వెళ్లే ఎన్‌సీసీ స్పెషల్ ఎంట్రీ ఉంది. డిగ్రీవాళ్లకు యూపీఎస్సీ పెట్టే సీడీఎస్ (కంబైన్డ్ డిఫెన్స్ సర్వీసెస్) పరీక్ష ఎటూ ఉంటుంది.

ఏ రకం కమిషన్ (ఆఫీసర్‌గా నియామకం) తీసుకుంటాడన్నది తర్వాతి రాజకీయ జీవితాన్ని నిర్ణయిస్తుంది కాబట్టి ఇది జాగ్రత్తగా చదవండి. ఎన్‌డీఏలో మూడేళ్లు, డెహ్రాడూన్‌లోని ఐఎంఏ (ఇండియన్ మిలిటరీ అకాడమీ)లో ఏడాది చేసి బయటికొస్తే పర్మనెంట్ కమిషన్. 20 ఏళ్ల సర్వీసుకు పెన్షన్ అర్హత వస్తుంది. అంటే 22వ ఏట చేరినవాడికి 42 నిండేసరికి. ఎన్‌సీసీ స్పెషల్ ఎంట్రీలో గానీ, సీడీఎస్ ద్వారా చెన్నైలోని ఓటీఏ (ఆఫీసర్స్ ట్రైనింగ్ అకాడమీ)కి వెళ్లి గానీ చేరితే షార్ట్ సర్వీస్ కమిషన్: పదేళ్లు, కావాలంటే మరో నాలుగేళ్లు. ముప్పై అయిదు ప్రాంతంలోనే బయటపడొచ్చు గానీ పెన్షన్ ఉండదు. తొందరగా ఊరికి రావచ్చని రెండోది ఆకర్షణీయంగా కనిపిస్తుంది. ఆస్తి, రాజకీయ నేపథ్యం లేని కుటుంబానికి నా సలహా మాత్రం మొదటిదే. రాజకీయాల్లో తొలి ఐదారేళ్లు పైసా రాదు. నెలనెలా వచ్చే పెన్షన్ ఉన్నవాడు ఎవరి దగ్గరా చేయి చాచకుండా ఊళ్లు తిరగగలడు.

సర్వీసులో ఉన్నంతకాలం రాజకీయం మాట కూడా ఎత్తకూడదు. 1954 నాటి ఆర్మీ రూల్స్ ప్రకారం పార్టీలో చేరడం, చందా ఇవ్వడం, రాజకీయ సభకు వెళ్లడం, అభ్యర్థినని ప్రకటించుకోవడం అన్నీ నిషిద్ధం. సెలవులో ఊరికొచ్చినప్పుడు బావమరిది ర్యాలీలో కండువా కప్పుకుని ఫొటో దిగినా చిక్కే. సర్వీస్ ఓటరుగా పోస్టల్ బ్యాలెట్‌తో ఓటు మాత్రం వేయొచ్చు.

బయటికొచ్చే తీరులో జరిగే పొరపాటు అన్నిటికన్నా ఖరీదైనది. రాజ్యాంగం 102వ అధికరణ ప్రకారం ప్రభుత్వం కింద లాభదాయక పదవిలో ఉన్నవాడు ఎంపీ కాలేడు. రాజీనామా ఇస్తే సరిపోదు, అది ఆమోదం పొంది రిలీవ్ ఉత్తర్వు చేతికి రావాలి. ఈ చిక్కు మన సీమలోనే చూశాం. 2019లో హిందూపురం అభ్యర్థి గోరంట్ల మాధవ్ పోలీసు సర్కిల్ ఇన్‌స్పెక్టర్‌గా స్వచ్ఛంద విరమణకు దరఖాస్తు పెట్టుకున్నారు. రిలీవ్ చేయకపోవడంతో నామినేషన్ల వేళ ట్రిబ్యునల్‌కు వెళ్లాల్సి వచ్చింది, వ్యవహారం హైకోర్టు దాకా నడిచింది. చివరికి పోటీ చేసి గెలిచారు. ఆర్మీలో ఆమోదానికి నెలలు పడుతుంది. ఎన్నికకు కనీసం ఏడాదిన్నర ముందే దరఖాస్తు పెట్టుకోవాలి. అవినీతికో దేశద్రోహానికో ఉద్యోగం నుంచి డిస్మిస్ అయినవాళ్లకు ఐదేళ్ల అనర్హత ఉంటుందన్నదీ గుర్తుంచుకోండి.

ఇక సైన్యం నుంచి లోక్‌సభకు వెళ్లినవాళ్లను చూస్తే, యూనిఫాం ఒక్కటే ఎవరినీ గెలిపించలేదు. రాజ్యవర్ధన్ సింగ్ రాథోడ్ 2013లో కల్నల్‌గా బయటికొచ్చి 2014లోనే జైపూర్ రూరల్ ఎంపీ అయ్యారు. అయితే 2004 ఏథెన్స్ ఒలింపిక్స్ రజత పతకంతో అప్పటికే దేశమంతా తెలిసిన మనిషి. షార్ట్ సర్వీస్‌లో కెప్టెన్‌గా చేసి వచ్చిన బ్రిజేశ్ చౌటా 2024లో దక్షిణ కన్నడ నుంచి గెలిచే ముందు ఏళ్ల తరబడి పార్టీ పని చేశారు, మంగళూరులో కంబళ (దున్నల పరుగు) పోటీలు నడిపారు. తెలుగువారిలో ఎయిర్‌ఫోర్స్ పైలట్‌గా చేసిన ఉత్తమ్ కుమార్ రెడ్డి 1999లో కోదాడ ఎమ్మెల్యే అయ్యి, 2019లో నల్గొండ ఎంపీ అయ్యారు.

ఈ వరుసలో మీ అబ్బాయి శ్రద్ధగా చదవాల్సిన జీవితం మేజర్ జనరల్ బి.సి. ఖండూరీది. 1954 నుంచి 1990 దాకా ఆర్మీ ఇంజినీర్స్‌లో చేసి, 1991లో గఢ్వాల్ నుంచి లోక్‌సభకు వెళ్లారు. రోడ్డు రవాణా మంత్రిగా జాతీయ రహదారుల ప్రాజెక్టును నడిపించారు. మన కర్నూలు, గుత్తి, అనంతపురం మీదుగా బెంగళూరు పోయే హైవే ఆ ప్రాజెక్టులోని ఉత్తర–దక్షిణ కారిడార్‌లోదే. సైన్యపు అనుభవం పార్లమెంటులో ఎలా అక్కరకొస్తుందో తెలిసేది మాత్రం 2018లో. ఆయన అధ్యక్షుడిగా ఉన్న పార్లమెంటు రక్షణ స్థాయీ సంఘం ఆ ఏడాది మార్చిలో ఇచ్చిన నివేదికలో, ఆర్మీ పరికరాల్లో 68 శాతం పాతకాలానివని, 24 శాతం ప్రస్తుత తరానివని, 8 శాతమే అత్యాధునికమని సైన్యం చెప్పిన సంగతి బయటపడింది. అధికారంలో ఉన్నది సొంత పార్టీయే. అయినా ఆ నిజం సభ ముందుకొచ్చింది. మాజీ అధికారి పార్లమెంటుకు తేగలిగిన అసలు విలువ ఇది: ఏ ప్రశ్న అడిగితే ఏ కాగితం బయటికొస్తుందో తెలిసుండటం.

ఊరికి తిరిగొచ్చాక మొదటి పని ఓటరు నమోదు. ఆదోనిలో పేరు ఎక్కించుకోవాలి: కొత్తగా అయితే ఫారం 6, పాత పోస్టింగ్ చోట సాధారణ ఓటరుగా పేరు ఉంటే మార్పుకు ఫారం 8. వేరే నియోజకవర్గంలో ఓటున్నవాళ్లు ఓటరు జాబితా ధ్రువీకరణ నకలు లేకుండా నామినేషన్ వేస్తే తిరస్కరిస్తారు. కనీస వయసు 25. డిపాజిట్ 25 వేలు, ఎస్సీ, ఎస్టీలకు 12,500. చెల్లిన ఓట్లలో ఆరో వంతు కన్నా ఎక్కువ రాకపోతే అది పోతుంది. గుర్తింపు పొందిన పార్టీ అభ్యర్థిని ఒక ఓటరు ప్రతిపాదిస్తే చాలు, స్వతంత్రుడికి పదిమంది కావాలి. ఫారం 26 అఫిడవిట్‌లో ఏ గడీ ఖాళీ వదలకూడదు, లేకపోతే 'లేదు' అని రాయాలి. ఖర్చుకు విడి బ్యాంకు ఖాతా నామినేషన్‌కు ముందురోజుకైనా తెరిచి ఉండాలి. అభ్యర్థి ఖర్చు పరిమితి 95 లక్షలు. రిటైర్మెంట్ డబ్బు ఇందులో పెట్టనని ముందే ఇంట్లో ఒట్టు వేయించుకోండి. పోస్టర్ల మీద సైనికుల ఫొటోలు వాడొద్దని ఎన్నికల సంఘం 2019లోనే పార్టీలకు చెప్పింది.

గెలిచాక మాజీ అధికారులకు కష్టమనిపించేది ఇంకొకటి. కర్నూలు లోక్‌సభ కింద ఏడు అసెంబ్లీ సెగ్మెంట్లున్నాయి. ఎంపీ నిధులు ఏడాదికి ఐదు కోట్లు, సమానంగా పంచితే సెగ్మెంట్‌కు 71 లక్షలే. అందులోనే 15 శాతం ఎస్సీల, ఏడున్నర శాతం ఎస్టీల ప్రాంతాలకు కేటాయించాలి. పైగా ఎంపీ సిఫార్సు మాత్రమే చేస్తాడు, మంజూరు చేసేది జిల్లా యంత్రాంగం. ఆర్డర్ వేస్తే పని జరిగే చోటి నుంచి వచ్చినవాడికి ఇది మింగుడు పడదు. సీసీ రోడ్లకన్నా తుంగభద్ర బోర్డు, ఎల్లెల్సీ (తుంగభద్ర దిగువ కాలువ) చివరి ఆయకట్టుకు అందని నీళ్లు, ఆదోని, ఆలూరు పల్లెల వలసలు – ఇవి పార్లమెంటులో అడగాల్సినవి. ప్రశ్నకు కనీసం 15 రోజుల ముందు నోటీసు ఇవ్వాలి, మౌఖిక జవాబుకు రోజుకు 20 ప్రశ్నలకే చోటు. ప్రశ్న రాసే తీరు ఇప్పుడే నేర్చుకోవచ్చు. సభ జరిగే రోజుల్లో సంసద్ టీవీలో ప్రశ్నోత్తరాల గంట చూడమనండి, వారానికొకసారి చాలు.

ఈ ఆదివారం మాత్రం యూపీఎస్సీ వెబ్‌సైట్ నుంచి ఎన్‌డీఏ పాత పేపర్ ఒకటి తీసి, గడియారం పెట్టి రెండున్నర గంటలు రాయించండి. మూడో వంతు కోత వేసి మార్కులు మీరే లెక్కగట్టండి.