ఇసినోఫిల్స్ 32 శాతం, తెల్లవారుజామున దగ్గు

అమలాపురం దగ్గర వరిచేలో పనిచేసే మీ నాన్నగారికి తెల్లవారుజామున దగ్గు వస్తోందని, రక్తపరీక్షలో ఇసినోఫిల్స్ (ఒక రకం తెల్లకణాలు) 32 శాతం ఉన్నాయని, ఇది బ్లడ్ క్యాన్సరా అని అడిగారు. భయపడకండి. ముందు అనుమానించాల్సింది ఒంట్లో చేరే పురుగుల్ని.

1. శాతం కాదు, సంఖ్య చూడండి. తెల్లకణాలు 12,000 అయితే 32 శాతమంటే 3,840. మామూలుగా 500 దాటకూడదు. 3,000 పైన ఉండి రాత్రి దగ్గు, పిల్లికూతలు ఉంటే ఫైలేరియా (బోదకాలు) పురుగు వల్ల వచ్చే ట్రాపికల్ ఇసినోఫీలియా కావచ్చు. రాత్రి తీసిన రక్తంలో సాధారణంగా పురుగు కనపడదు. డాక్టరు ఖాయం చేస్తే డీఈసీ అనే ఫైలేరియా మందు మూడు వారాలు వాడాలి.

2. చాలామంది వదిలేసేది ఇదే: స్టెరాయిడ్ వేసే ముందే స్ట్రాంగిలాయిడ్స్ అనే పురుగుకు పరీక్ష అడగండి. ఉత్త కాళ్లతో బురదలో దిగితే చర్మంలోంచి దూరే పురుగు ఇది. స్టెరాయిడ్ పడిందా, ఒళ్లంతా పాకి ప్రాణం మీదికి తెస్తుంది. ఒక్క మలపరీక్షకు దొరక్కపోవచ్చు, మూడు రోజులు ఇవ్వండి.

3. మందుల తర్వాతా ఇసినోఫిల్స్ సంఖ్య 1,500 కిందికి దిగకపోతే గుండెకు ఎకో (స్కానింగ్) తీయించి, హెమటాలజిస్టుకు (రక్తవ్యాధుల డాక్టరుకు) చూపించండి.