టొమాటిల్లో: రంగు చూసి కాదు, పట్టి చూసి కోయాలి

ప్రశ్న: పెరట్లో రెండు టొమాటిల్లో (కాగితంలాంటి పొర బుడ్డలో కాసే, టమాటాను పోలిన మెక్సికో కాయ) మొక్కలు వేశాం. పొర ఎండుతున్నా కాయ ఎర్రబడడం లేదు. కొన్ని పచ్చిగానే రాలుతున్నాయి, కొన్ని బుడ్డల్లో అసలు కాయే లేదు. ఎప్పుడు కోయాలి? చలి ముదిరేలోగా మిగిలినవి ఇంట్లో మాగబెట్టుకోవచ్చా?
– ఒక పాఠకురాలు, డాలస్

జవాబు: ఎంత ఆగినా ఇది టమాటాలా ఎర్రబడదు. మన పొలం గట్ల మీద కాసే కుప్పంటికి దగ్గరి చుట్టం. మెక్సికోలో పచ్చికాయలతోనే సల్సా అనే పచ్చడి చేస్తారు. బుడ్డను రెండు వేళ్లతో మెల్లగా నొక్కి చూడండి. లోపల కాయ గోలీలా కదిలితే ఇంకా లేతదే, పొర ఎండినా సరే. కాయ పొర నిండా బిగుసుకుని, కింది కొసన పొర చిట్లి పచ్చదనం కనబడితే అదే అదను. నారు నాటిన 60–80 రోజులకు కోత మొదలవుతుంది. లాగితే కొమ్మ విరుగుతుంది, కత్తెర వాడండి.

రాలినవి పారేయకండి. ముదిరిన కాయ తనంతట తానే రాలుతుంది. గట్టిగా, పురుగు రంధ్రం లేకుండా ఉంటే ఆ రోజే ఏరుకోండి. మొక్క మీదే వదిలేస్తే పసుపు తిరిగి, పులుపు తగ్గి తియ్యబడుతుంది. అలాంటివాటితో పచ్చడి చేస్తే కాస్త చింతపండు తగిలించాల్సిందే.

ఖాళీ బుడ్డలకు కారణం పరాగసంపర్కం కుదరకపోవడం. తన పుప్పొడితో తనకు కాయ పట్టదు, పక్కన వేరే మొక్క ఉండాలి. మీ రెండూ ఒకే మొక్క కొమ్మల నుంచి పెంచినవైతే అవి ఒక్కటే లెక్క. గింజ మొలకలైతే తేనెటీగలు వస్తున్నాయో లేదో గమనించండి. ఎండ 35 డిగ్రీలు దాటిన రోజుల్లోనూ పూత నిలవదు.

ఇక మాగబెట్టడం. పూర్తిగా ఎదిగిన పచ్చికాయ గది వేడికి మెల్లగా పసుపు తిరుగుతుంది. గోలీ అంత కాయ మాత్రం కోశాక పెరగదు. అందుకే గడ్డకట్టే చలి రాబోయే ముందు రోజు మొక్కను వేళ్లతో సహా పీకి, మన్ను దులిపి, పొడిగా చల్లగా ఉండే గరాజులో తలకిందులుగా వేలాడదీయండి. ఎదిగిన కాయలు పొరతోనే సుమారు రెండు నెలలు నిలుస్తాయి. కోసిన కాయలైతే పొర తీయకుండా కాగితం సంచిలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచండి, రెండు మూడు వారాలు ఆగుతాయి. ప్లాస్టిక్ సంచిలో పొర చెమ్మగిల్లి బూజు పడుతుంది.

పొర ఒలిచాక కాయ జిగురుగా తగిలితే భయపడకండి, అది దాని సహజగుణం. గోరువెచ్చని నీళ్లలో రుద్ది కడిగితే పోతుంది. పొర, ఆకులు మాత్రం తినకూడదు.