ఫార్మాట్ నొక్కే ముందు

చి. కిట్టుకి అత్తయ్య ఆశీస్సులు.

నువ్వు పాత ప్లేస్టేషన్ 2 వీడియోగేమ్ పెట్టె కొన్నావనీ, దాన్లో హార్డ్ డిస్క్ పెట్టి ఆటలన్నీ అందులోకి ఎక్కిస్తానంటున్నావనీ మీ నాన్న ఫోన్లో చెప్పాడు. "పెళ్ళయిన వాడికి ఈ పిల్లచేష్టలేంటక్కా" అని వాడి బాధ. నాకు ముందు నవ్వొచ్చింది, తర్వాత కాస్త గర్వంగా అనిపించింది, ఫోన్ పెట్టేశాక భయం పట్టుకుంది. భయం సంగతి కిందకి చెప్తాను. గర్వం దేనికంటే, వేసవి సెలవులకి రాజమండ్రి వచ్చి మా షాపు వెనక వీడియోగేముల గదిలో కూర్చుని, కంట్రోలర్ ఇవ్వకపోతే అన్నం మానేసిన పిల్లాడివి నువ్వు. ఆడటమే గానీ ఆ పెట్టె ఎలా పనిచేస్తుందని ఒక్కసారీ అడగలేదు. ఇన్నాళ్ళకి స్క్రూడ్రైవర్ పట్టుకున్నావు.

ముందు పెట్టె వెనక స్టిక్కర్ చూడు. ఎస్సీపీహెచ్ అని ఉండి పక్కన నంబరు ఉంటుంది. 30000 నుంచి 50000 వరుస దాకా ఉన్న లావు పెట్టెలకే వెనక హార్డ్ డిస్క్ పట్టే ఖాళీ ఉంటుంది. 2004లో వచ్చిన 70000 వరుస సన్నది, దాన్లో ఆ ఖాళీయే లేదు. అది కొని ఉంటే ఈ ఉత్తరం ఇక్కడే ఆపెయ్యి.

అదే స్టిక్కర్ మీద వోల్టేజీ కూడా చదువు. అమెరికా నుంచో జపాన్ నుంచో ఎవరో తెచ్చుకున్న పెట్టె అయితే అది 100, 120 వోల్టులదే. మన గోడకి తగిలిస్తే లోపల పవర్ బోర్డు ఢాం అంటుంది. స్టిక్కర్ చదవకుండా ప్లగ్గు పెట్టకు. కాళ్ళకి రబ్బరు చెప్పులు లేకుండా అసలే పెట్టకు. నవ్వకు, కరెంటు విషయంలో నేనింతే, నీకు తెలుసుగా.

హార్డ్ డిస్క్ ఎందుకు అని మీ నాన్న అడిగితే ఇలా చెప్పు. ఈ పెట్టెలో అన్నిటికన్నా ముందు ముసలైపోయేది ఆటల సీడీ, డీవీడీ డిస్కులు చదివే లెన్సు. మా షాపులో అదే పెద్ద తలనొప్పి. క్రికెట్టు డిస్కు, కుస్తీల డిస్కు, శాన్ ఆండ్రియాస్ డిస్కు పొద్దుట్నుంచి రాత్రి దాకా తిరుగుతూనే ఉండేవి. పిల్లలు జంతికలు తిన్న చేత్తోనే మార్చేవాళ్ళు. కొన్నాళ్ళకి తెర మీద "డిస్క్ రీడ్ ఎర్రర్" అని పడేది. గీతలు పోవాలని ఓ కుర్రాడు డిస్కుకి టూత్‌పేస్ట్ రుద్దాడు. ఒక్కోసారి పని చేసేది కూడా, అదే విచిత్రం. లెన్సు పోయిన పెట్టెలో కూడా హార్డ్ డిస్క్ మీంచి ఆట నడుస్తుంది. లోడింగు కూడా చాలా ఆటల్లో చురుగ్గా ఉంటుంది.

పెన్‌డ్రైవ్ సరిపోదా అంటావేమో. సరిపోదు. ఆ పెట్టెకి ముందున్న యూఎస్‌బీ పాతకాలపు 1.1, సెకనుకి 12 మెగాబిట్లే. ఆట మధ్యలో వీడియో వస్తే ముక్కలు ముక్కలుగా నత్తి కొడుతుంది.

నీకు కావాల్సిన ముఖ్యమైన వస్తువు నెట్‌వర్క్ అడాప్టర్. సోనీ వాళ్ళదే, వెనక ఖాళీలోకి తోసి రెండు పెద్ద స్క్రూలు బిగిస్తే సరి. దాని లోపలివైపు డిస్కుకి 40 పిన్నుల పాత ఐడీఈ సాకెట్టు, పక్కన నాలుగు పిన్నుల పవర్ ఉంటాయి. సోనీయే ఒకప్పుడు 40 జీబీ డిస్కు అమ్మింది, లైనక్స్ కిట్టుతో ఒకసారి, ఒక ఆన్‌లైన్ ఆటతో ఇంకోసారి. కాబట్టి నువ్వు చేసేది పెట్టెకి తెలియని పనేమీ కాదు. ఇప్పుడు ఐడీఈ డిస్కులు దొరికినా అన్నీ అరిగిపోయినవే. ఆ సాకెట్టు బోర్డు తీసి, ఐడీఈ తర్వాత వచ్చిన సాటా సాకెట్టు బోర్డు వేసుకుంటే మామూలు సాటా డిస్కు పడుతుంది. బయట చవగ్గా అమ్మే నకిలీ అడాప్టర్లకి సాటా ముందే ఉంటుంది గానీ చాలావాటికి నెట్టు కేబుల్ పట్టే లాన్ సాకెట్టు ఉండదు. నీకు నెట్టు అక్కర్లేకపోతే అదీ ఫరవాలేదు. డిస్కు 500 జీబీ చాలు. ఒక్కో డీవీడీ 4.7 జీబీ అనుకున్నా వంద ఆటలు పడతాయి. వంద ఆటలు ఆడే తీరిక నీకు ఉందంటే మీ ఆవిడ నాకు ఫోన్ చేస్తుంది.

ఇక అసలు విషయం. మీ మామయ్య పక్కనే కూర్చుని "అది రాయకే" అంటున్నారు. రాస్తాను.

2008లో, మాఘమాసం. పెళ్ళిళ్ళ సీజను. ముందు గదిలో నా డీటీపీ కంప్యూటర్ నిండా శుభలేఖలే. పేజ్‌మేకర్ ప్రోగ్రాంలో, అను తెలుగు ఫాంట్లతో కొట్టినవి. కొన్ని ప్రూఫు అయిపోయి ప్రెస్సుకి వెళ్ళాల్సినవి, కొన్ని మేనమామ పేరు పెద్ద అక్షరాల్లో పడలేదని అలిగి వెనక్కొచ్చినవి. ఇంకో కాపీ ఎక్కడా లేదు. అప్పుడే హార్డ్ డిస్క్ మీంచి ఆట నడిపే లోడర్లనే ప్రోగ్రాంలు ఉన్నాయని ఎవరో చెబితే, వెనక గదికి ఒక డిస్కు పెడదామని మీ మామయ్య 80 జీబీది తెచ్చారు. నా కంప్యూటర్లో ఉన్నదీ 80 జీబీయే. కంపెనీ ఒకటే, కొట్టూ ఒకటే.

నేను భోజనానికి ఇంట్లోకి వెళ్ళిన టైములో, ఆయన నా కంప్యూటర్ మూత తీసి, కొత్త డిస్కుని అదే కేబుల్ రెండో కొసకి తగిలించి, విన్‌హిప్ అనే ప్రోగ్రాం తెరిచారు. ప్లేస్టేషన్ డిస్కు పద్ధతి వేరు, విండోస్‌కి అది అర్థం కాదు. అందుకని ముందు దాన్ని ప్లేస్టేషన్ పద్ధతిలో ఫార్మాట్ చేసి, తర్వాత ఆటలు ఎక్కించాలి. ఆ ప్రోగ్రాంలో డిస్కుల జాబితా వస్తుంది. వచ్చింది. రెండు వరుసలు, రెండూ 80. సి డ్రైవ్ అనో, అందులో శుభలేఖలున్నాయనో ఆ జాబితాలో ఉండదు. పైనున్నది నొక్కారు. ఫార్మాట్ రెండు క్షణాల్లో అయిపోయింది. ఏ చప్పుడూ లేదు, ఏ గొడవా లేదు. విండోస్ ఏమీ ఎరగనట్టు నడుస్తూనే ఉంది. ఆయన హుషారుగా క్రికెట్టు ఆట ఎక్కించడం మొదలెట్టారు. సగం ఎక్కేసరికి నీలం తెర పడింది. ఆపి మళ్ళీ వేస్తే నల్ల తెర, ఎడమ మూల గీత ఒక్కటీ కొట్టుకుంటోంది.

నేను చెయ్యి కడుక్కుని వచ్చేసరికి ఆయన కుర్చీలో కాకుండా కింద కూర్చుని ఉన్నారు. అప్పుడే అర్థమైంది.

హార్డ్‌వేర్ చూసే కుర్రాణ్ణి పిలిపించాం. వాడు చూసి, "ఫార్మాట్ దగ్గరే ఆపేసుంటే చాలావరకు లాగేవాణ్ణండి, దాని మీద ఆట ఎక్కించేశారు కదండి" అన్నాడు. ఆ మాట బాగా పట్టుకో కిట్టూ. ఫార్మాట్ కొట్టినప్పుడు చెరిగేది ముందున్న పట్టికే, అసలు సరుకు చాలావరకు అలాగే ఉంటుంది. దాని మీద నాలుగు జీబీల ఆట రాస్తే అప్పుడు పోతుంది.

అదృష్టం ఏంటంటే, పార్టీలు రాసిచ్చిన కాగితాలు నేను పారెయ్యను, మేకుకి గుచ్చి ఉంచుతాను. ఆ కట్ట దింపి, ప్రెస్సు వాళ్ళ పాత కంప్యూటర్ అద్దెకి తెచ్చుకుని మొదలెట్టాం. ఆయన చదవడం, నేను కొట్టడం. "చి.ల.సౌ. అని పెట్టావా? గోత్రం చూడు. సుముహూర్తం రాత్రి 12-18, పన్నెండు, రెండు కాదు." తెల్లారేసరికి ఆయన గొంతు పోయింది. అయినా కొన్ని కాగితాలు దొరకలేదు. ఆ ఇళ్ళకి ఆయనే సైకిలేసుకుని వెళ్ళి, విషయం చెప్పి, మళ్ళీ రాయించుకుని వచ్చారు. ఒకాయన గుమ్మంలోనే నిలబెట్టి నానా మాటలూ అన్నాడట. అది నాతో చాలా కాలం చెప్పలేదు. ఒక కార్డులో వారం తప్పు పడితే ప్రూఫులో పురోహితుడు పట్టుకున్నాడు, లేకపోతే ఆ పెళ్ళివారు బుధవారం మండపానికి గురువారం వచ్చేవాళ్ళు. మొదటి రాత్రి ఆయన్ని తిట్టని తిట్టు తిట్టకుండా తిట్టాను. రెండో రోజు మధ్యాహ్నం, గొంతు లేక సైగలతో అక్షరాలు చూపిస్తుంటే, లేచి మిరియాల పాలు కాచి ఇచ్చాను. ఇప్పుడు చదివి "అది మాత్రం రాయొచ్చు" అంటున్నారు.

అందుకే నా భయం. మీ ఇంట్లో కంప్యూటర్ ఏది? మీ ఆవిడ ఆఫీసు లాప్‌టాప్. దాన్ని ఈ పనికి ముట్టుకున్నావో, హైదరాబాద్ వచ్చి మరీ చెవి మెలిపెడతాను. ఎవరిదీ కాని పాత కంప్యూటర్ ఒకటి సంపాదించు. అందులో ఉన్న మిగతా డ్రైవులూ పెన్‌డ్రైవులూ అన్నీ పీకెయ్యి. విండోస్ ఉన్న డిస్కు ఒక్కటీ, నువ్వు ఎక్కించే డిస్కు ఒక్కటీ ఉండాలి. రెండింటి సైజూ వేరుగా ఉండేలా చూసుకో. 500ది, 240ది అయితే గుడ్డివాడికైనా తెలుస్తుంది. జాబితాలో సైజు పైకి చదివి, ఆ తర్వాతే నొక్కు. పక్కన ఇంకో మనిషి ఉండి తనూ చదివితే ఇంకా మంచిది, మీ ఆవిణ్ణి కూర్చోబెట్టుకో.

ప్లేస్టేషన్ పద్ధతిలో ఫార్మాట్ అయిన డిస్కుని తర్వాత ఎప్పుడు కంప్యూటర్‌కి పెట్టినా, "ఇనిషియలైజ్ చెయ్యమంటావా, ఫార్మాట్ చెయ్యమంటావా" అని విండోస్ అడుగుతుంది. దానికి తెలియక అడుగుతోంది. వద్దను. పొరపాటున ఏదైనా నొక్కావో, వెంటనే పవర్ తీసెయ్, ఇంక ఒక్క ఫైలూ దాని మీద రాయకు. ఇప్పుడు ఆట నడిపే లోడర్ పేరు ఓపెన్ పీఎస్‌2 లోడర్. దాని కొత్త వెర్షన్లు, విండోస్‌కీ అర్థమయ్యే ఎక్స్‌ఫ్యాట్ పద్ధతి డిస్కు కూడా చదువుతున్నాయి. డీవీడీ, సీడీ అని రెండు ఫోల్డర్లు పెట్టి ఐఎస్ఓ ఫైళ్ళు, అంటే ఆట డిస్కుల నకళ్ళు, పడేస్తే చాలు. అలా చేస్తే ఇనిషియలైజ్ గొడవ ఉండదు గానీ, తప్పు డిస్కు ఫార్మాట్ కొట్టే ప్రమాదం అప్పుడూ ఉంటుంది.

మిగతాది తేలిక. లోడర్ నడవాలంటే, దాన్ని మొదలెట్టే ఫ్రీ మెక్‌బూట్ అనే ప్రోగ్రాం ఎక్కించిన 8 ఎంబీ మెమరీ కార్డు కావాలి, లేదా ప్లేస్టేషన్ పద్ధతిలో ఫార్మాట్ చేసిన డిస్కయితే ఫ్రీ హెచ్‌డీ బూట్ అని దాని మీదే ఎక్కించుకోవచ్చు, లావు పెట్టెలో అదీ నడుస్తుంది. నీ పెట్టెతో పాత మెమరీ కార్డు వచ్చి ఉంటే దాన్ని తుడిచెయ్యకు. ఎవరో పిల్లాడు నెలల తరబడి ఆడి దాచుకున్న సేవులు అందులో ఉంటాయి. పెన్‌డ్రైవ్‌లోకి కాపీ తీసి, అమ్మినాయన నంబరు ఉంటే అడుగు. కావాలంటే పంపించు.

ఆట డిస్కు నుంచి ఐఎస్ఓ తీసేటప్పుడు, అడుగు నీలంగా ఉన్నవి సీడీలు, వెండి రంగువి డీవీడీలు. సీడీవి డీవీడీ ఫోల్డర్లో వేసి నడవట్లేదని తల పట్టుకోకు. నీ దగ్గర డిస్కు ఉన్న ఆటే ఎక్కించు, మిగతావి నాకు చెప్పకు. డిస్కులు వెతికేటప్పుడు 2009లో హైదరాబాద్‌లో తయారైన రెండు దొరుకుతాయేమో చూడు: ఆరోనా వాళ్ళ హనుమాన్, గేమ్‌శాస్త్ర వాళ్ళ దేశీ అడ్డా. ఆ రెండోదాన్లో కబడ్డీ, కర్రాబిళ్ల ఉంటాయి. పెద్ద గొప్ప ఆటలేం కావు, మా కుర్రాళ్ళు కుస్తీలు వదిలి వాటి మొహం చూడలేదు. అయినా మన ఊళ్ళో చేసినవి ఈ పెట్టెలో తిరిగాయి, నీ డిస్కులో ఉండాలి.

పెట్టె ఆన్‌లో ఉండగా కదపకు, అడాప్టర్ పీకకు. గడియారం ప్రతిసారీ తప్పు చూపిస్తుంటే లోపల నాణెం బ్యాటరీ అయిపోయిందని అర్థం, కంగారుపడకు. వెనక ఫ్యాన్ జాలీలో దుమ్ము ముందే దులుపు.

అడాప్టర్ కొనకు. మాది అటక మీద ఉంటే మీ మామయ్య దింపి తుడిచారు, రేపు ఆర్టీసీ కార్గోలో వేస్తున్నాం. సాటా బోర్డు మాత్రం నువ్వే కొనుక్కో. డబ్బాలో ఆ 80 జీబీ డిస్కు కూడా ఉంటుంది, కొత్తది, ఆ రోజు ఫార్మాట్ కానిది. మీ మామయ్య బలవంతం మీద పెట్టాను. దాన్ని వాడకు, చాలా పాతది. పార్సిల్‌తో పాటు సున్నుండలు కూడా ఉన్నాయి, అవి పైన పెట్టించాను, డబ్బా తలకిందులు చెయ్యొద్దని ఆఫీసులో వాళ్ళకి చెప్పు.

మీ అత్తయ్య