సవరానికి గమ్ము పెట్టేసినాం, ఏం చెయ్యాల?

ప్రశ్న: మేడమ్, మాది కావలి. మొన్న ఆదివారం మా చెల్లెలి పెళ్లికి జడలో సవరం పెడితే జారిపోతా ఉంది, దాని జుట్టు పలచన. టైమైపోతా ఉందని మా పిన్ని చెప్పులకి అంటించే ఐదు రూపాయల గమ్ము తెచ్చి ముడి దగ్గర పిండేసింది. ఇప్పుడు అక్కడ నిమ్మకాయంత గడ్డ, రాయిలా ఉంది, దువ్వెన దిగదు, మాడుకి కూడా రొంత అంటి మండతా ఉంది. పెట్రోల్ పోస్తే వదులుద్దంట, నిజమేనా? కత్తిరిద్దామంటే పిల్ల ఏడస్తా ఉంది.

జవాబు: ముందు ఆ పెట్రోల్ మాట మర్చిపోండమ్మా, మాడు పొక్కుతుంది, దీపం దగ్గరుంటే అంటుకుంటుంది కూడా. ఆ గమ్ము సైనోఅక్రిలేట్, తడి తగిలితే గట్టిపడే రకం, పెళ్లికూతురి తలలో చెమటకి కొదవేముంది, అందుకే టక్కున పట్టేసింది. గట్టిపడేటప్పుడు వేడి పుడుతుంది, ఆ మంట అందుకే. పచ్చిగా ఉన్నప్పుడు దూదితో తుడిస్తే ఇంకా వేడెక్కి పొగ కూడా రావచ్చు, ఈ సంగతి మీ పిన్నికి చెప్పండి.

కత్తెర పట్టాల్సింది పిల్ల జుట్టుకి కాదు, సవరానికి. గడ్డ కింద సవరం కత్తిరించేయండి, బరువు తగ్గుతుంది. గడ్డని లాగబాకండి, కుదుళ్లతో సహా ఊడొస్తుంది. మాడుకి దూరంగా ఉన్న భాగానికి మాత్రం అసిటోన్ ఉన్న నెయిల్ పాలిష్ రిమూవర్ (సీసా మీద చూసి కొనండి, అన్నిట్లో ఉండదు) కొద్దికొద్దిగా అద్ది, మెత్తబడ్డాక ఒక్కో పాయ వేళ్లతో విడదీయండి, కిటికీలు తీసి, పొయ్యి ఆర్పేసి. సవరం సింథటిక్‌ది అయితే అది కూడా కరిగి జిగటగా రావచ్చు, కంగారు పడబాకండి. మాడు మీద మాత్రం అసిటోన్ వద్దు, కొబ్బరినూనె పట్టించి అరగంటాగి గోరువెచ్చని నీళ్లు, షాంపూతో కడగండి, మిగిలింది నాలుగు రోజుల్లో చర్మం పొట్టుతో పాటు రాలిపోద్ది. పొక్కులొచ్చినా, చీము కారినా, మంట తగ్గకపోయినా స్కిన్ డాక్టర్ దగ్గరికి పోవాల్సిందే.

2021లో అమెరికాలో ఒకావిడ హెయిర్ స్ప్రే అయిపోయిందని గమ్ము స్ప్రే కొట్టుకుంది, 15 సార్లు తలంటినా వదల్లేదు, నెల తర్వాత ప్లాస్టిక్ సర్జన్ గంటల తరబడి కూర్చుని తీయాల్సొచ్చింది. మీది ఒక్క గడ్డే, ఓపిగ్గా తీస్తే చాలావరకు వస్తుంది.

ఈసారి జుట్టు పలచనైతే సవరాన్ని పాయల్తో కలిపి మొదలు నుంచీ అల్లి, నల్లదారంతో కుట్టి, యూ పిన్నులు గుచ్చమనండి.